మార్మడ్యూక్ పిక్తాల్

ముహమ్మద్ మార్మడ్యూక్ పిక్తాల్ (ఏప్రిల్ 7, 1875 - మే 19, 1936) ఆంగ్ల నవలా రచయిత, పత్రికా సంపాదకుడు, ఉపాధ్యాయుడు. పవిత్ర ఖురాన్‌ను ఇంగ్లీషులోకి అనువదించిన పండితుడుగా ప్రపంచ ప్రసిద్ధి పొందాడు. ఇంగ్లాండులో ఒక క్రైస్తవ మతాచార్యుని ఇంట పుట్టిన ఇతడు తన 42వ యేట బహిరంగంగా ఇస్లాం స్వీకరించాడు. ఇంగ్లీషు మాతృభాషగా గల ఒక ముస్లిం చేసిన తొలి ఖురాన్ ఆంగ్లానువాదం ఇతనిదే. 1930లో వెలువడిన ఈ గ్రంథంలో అధికభాగం హైదరాబాదు నిజాము కొలువులో ఉండగా, నిజాము ఇచ్చిన జీతంతో రూపొందింది. పిక్తాల్ పేరు విన్న తెలుగువారిలో పలువురికి, ఇతడు 10 సంవత్సరాలు చాదర్‌ఘాట్‌లో బడిపంతులుగా గడిపాడన్న సంగతి తెలియదు.

'''జననం, బాల్యం'''

పిక్తాల్ లండన్ నగరంలో జన్మించాడు. తండ్రి చార్లెస్ గ్రేసన్ పిక్తాల్ సఫోక్ ప్రాంతంలోని చిల్స్‌ఫర్డ్ గ్రామంలో ఆంగ్లికన్ చర్చి మతాచార్యుడు. తల్లి మేరీ ఓబ్రియన్ నౌకాదళాధికారి కుటుంబానికి చెందినది. పిక్తాల్‌కు ఆరేళ్ళు నిండకముందే తండ్రి మరణించగా, తల్లి సఫోక్‌లోని ఇల్లు వదలి పిల్లలతో లండన్ చేరింది. బాల్యంలో ఇతడు బిడియస్తుడు, తరచు జబ్బుపడేవాడు. పేరుపొందిన హారో పాఠశాలలో కొద్దికాలం మాత్రమే చదివాడు. తరువాతికాలంలో బ్రిటిష్ ప్రధానమంత్రి అయిన విన్‌స్టన్ చర్చిల్ అప్పుడు అదే పాఠశాలలో విద్యార్థి.

పిక్తాల్‌కు చిన్ననాటి నుండి భాషలంటే ఆసక్తి. ఐరోపాలో కొంతకాలం ఉండి ఫ్రెంచి, ఇటాలియన్ నేర్చుకున్నాడు. తూర్పు మధ్యధరా దేశాలలోని బ్రిటిష్ దౌత్య కార్యాలయాలలో ఉద్యోగం కోసం పరీక్ష వ్రాశాడు గాని ఎంపిక కాలేదు. ఉద్యోగం దొరకకపోయినా, ఆ దేశాలు చూడాలన్న కోరిక మాత్రం పోలేదు.

'''తూర్పు దేశాలలో'''

1894లో, ఇంకా 20 ఏళ్ళు నిండకుండానే, పిక్తాల్ ఈజిప్టు మీదుగా పాలస్తీనా చేరుకున్నాడు. అక్కడి ఆంగ్లేయులు, మిషనరీలు తమలో తాము మసలుకునేవారు. పిక్తాల్ అందుకు భిన్నంగా ఆ దేశపు దుస్తులు ధరించి, గుర్రంపై గ్రామాలు తిరుగుతూ, రైతుల ఇళ్ళలో పడుకుంటూ, వారి అరబీ నేర్చుకున్నాడు. తోటి ఆంగ్లేయులకు ఈ పద్ధతి రుచించలేదు. ఇతనికి వచ్చిన అరబీ మొదట పుస్తకాల నుండి వచ్చినది కాక సత్రాలలో, సంతలలో చెవినపడినది. ముప్పై అయిదేళ్ళ తరువాత చేపట్టిన అనువాదానికి పునాది అక్కడే పడిందని చెప్పవచ్చు.

డమాస్కస్‌లోని ఉమయ్యద్ మసీదుకు చెందిన ఒక వృద్ధ పండితుని వద్ద అరబీ వ్యాకరణం చదువుతున్న రోజులలో ఈ యువకునికి ఇస్లాం స్వీకరించాలన్న తలంపు కలిగింది. ఆ పండితుడు దానిని ప్రోత్సహించలేదు. ఇంటివద్ద తల్లి ఉన్నదని, ఆమెను కష్టపెట్టరాదని, వయసు వచ్చిన తరువాత ఆలోచించి నిర్ణయించుకోవలసిందని నచ్చజెప్పి పంపించాడు. మతంలోకి వస్తానన్నవానిని వెనుకకు పంపిన ఆ గురువును పిక్తాల్ జీవితాంతం తలచుకున్నాడు.

1896లో ఇంగ్లాండు తిరిగివచ్చి మ్యూరియల్ స్మిత్‌ను వివాహమాడాడు.

'''నవలా రచయితగా'''

ఇతని తొలి నవల 1900లో వచ్చింది. 1903లో ప్రచురించిన 'సయీద్ ది ఫిషర్‌మన్' ఇతనికి కీర్తి తెచ్చిపెట్టింది. సిరియా తీరంలో ఒక జాలరి జీవితం దీని ఇతివృత్తం. తరువాత 'ది హౌస్ ఆఫ్ ఇస్లామ్' (1906), 'చిల్డ్రన్ ఆఫ్ ది నైల్' (1908), 'ది వ్యాలీ ఆఫ్ ది కింగ్స్' (1909), 'వెయిల్డ్ విమెన్' (1913), 'నైట్స్ ఆఫ్ అరబీ' (1917), 'ది అర్లీ అవర్స్' (1921) మొదలైన నవలలు వెలువడ్డాయి. యువకునిగా తాను చేసిన సంచారాన్ని 'ఓరియంటల్ ఎన్‌కౌంటర్స్' (1918)లో కథలుగా చెప్పాడు. ఇంగ్లాండు గ్రామీణ జీవితం గురించి వ్రాసిన నవలలూ ఉన్నాయి కాని వాటికి అంత ఆదరణ లభించలేదు. హెచ్.జి.వెల్స్, ఇ.ఎం.ఫార్‌స్టర్ వంటి సమకాలికులు ఇతని తూర్పుదేశపు నవలలను మెచ్చుకున్నారు. ఆనాటి ఐరోపా రచయితలలో చాలామందికి అరబ్బులు కథకు రంగుపూత మాత్రమే. పిక్తాల్ పాత్రలు తమలో తాము మాట్లాడుకుంటాయి, పోట్లాడుకుంటాయి, తమ బుద్ధితో తాము మోసపోతాయి. ఈ నవలలు నేడు ఎక్కువగా పరిశోధకుల చేతులలోనే కనిపిస్తాయి.

'''ఇస్లాం స్వీకారం'''

1912-13 బాల్కన్ యుద్ధాలు పిక్తాల్ జీవితాన్ని మలుపుతిప్పాయి. తురుష్క సామ్రాజ్యంలోని ఐరోపా భాగాలను బాల్కన్ రాజ్యాలు గెలుచుకుంటున్నప్పుడు ముస్లిం పౌరులు పెద్దసంఖ్యలో నిరాశ్రయులయ్యారు. ఇంగ్లాండులో పత్రికలు, చర్చి ప్రసంగాలు దీనిని క్రైస్తవ విజయంగా వర్ణించడం, తురుష్కులను రాక్షసులుగా చిత్రించడం పిక్తాల్‌ను కలచివేసింది. 1913లో స్వయంగా ఇస్తాంబుల్ వెళ్ళి కొన్ని నెలలు ఉండి, తురుష్క భాష నేర్చుకొని, తన అనుభవాలను 'విత్ ది టర్క్ ఇన్ వార్‌టైమ్' (1914) అన్న పుస్తకంగా వ్రాశాడు.

అదే సంవత్సరం మొదటి ప్రపంచయుద్ధం ఆరంభమై బ్రిటన్, తురుష్క సామ్రాజ్యం శత్రుపక్షాలయ్యాయి. తాను పుట్టిన దేశం, తాను ప్రేమించిన దేశం ఒకదానిపై ఒకటి తుపాకులు ఎక్కుపెట్టిన ఆ కాలంలో పిక్తాల్ తురుష్కులతో వేరుగా సంధి చేసుకోవాలని వాదిస్తూ వ్రాశాడు. ప్రభుత్వ వర్గాలు ఇతనిని అనుమానంతో చూశాయి. ఇట్టి సమయంలో, 1917 నవంబరు 29న, లండన్‌లోని నాటింగ్ హిల్ ప్రాంతంలో జరిగిన ఒక సభలో ఇస్లాం, ప్రగతి అన్న విషయంపై ఉపన్యసించి, చివర తాను ముస్లింనని ప్రకటించాడు. ముహమ్మద్ అన్న పేరు స్వీకరించాడు. యుద్ధం చివరి నెలలలో నిర్బంధ సైనికసేవలోకి తీసుకోబడ్డాడు.

1919లో లండన్ ముస్లింల ప్రార్థనలకు నాయకత్వం వహించాడు. 1889లో నిర్మించిన వోకింగ్ మసీదులో శుక్రవారపు ఉపన్యాసాలు ఇచ్చాడు. ఆంగ్లేయుడైన ఇమాము ఇంగ్లీషులో ఖురాన్ అర్థం చెప్పవలసివచ్చినప్పుడు అందుబాటులో ఉన్న అనువాదాలు ఏవీ ఇతనికి తృప్తినివ్వలేదు. ఉపన్యాసానికి కావలసిన ఆయత్‌లను (వాక్యాలను) తానే అనువదించుకోసాగాడు.

'''బొంబాయి క్రానికల్'''

1920లో 'బొంబాయి క్రానికల్' దినపత్రిక సంపాదకత్వం వహించవలసిందిగా ఆహ్వానం రాగా పిక్తాల్ భారతదేశం వచ్చాడు. ఫిరోజ్‌షా మెహతా 1913లో స్థాపించిన ఈ పత్రికకు జాతీయవాద పత్రికగా పేరు. దాని పూర్వ సంపాదకుడు బి.జి.హార్నిమన్‌ను ప్రభుత్వం 1919లో దేశం నుండి పంపివేసింది. అటువంటి పీఠంపై మరొక ఆంగ్లేయుడు కూర్చుని ఖిలాఫత్, సహాయ నిరాకరణ ఉద్యమాలను సమర్థించడం ప్రభుత్వానికి మింగుడుపడలేదు. పిక్తాల్ ఖద్దరు ధరించాడు, ఉర్దూ నేర్చుకున్నాడు, ఖిలాఫత్ సభలలో ప్రసంగించాడు, గాంధీ మార్గంలోని అహింసను ముస్లింలకు బోధించాడు.

1922లో గాంధీ ఉద్యమాన్ని నిలిపివేయడం, అరెస్టు కావడం, 1924 మార్చిలో తురుష్క గణతంత్రమే ఖలీఫా పదవిని రద్దు చేయడంతో ఖిలాఫత్ ఉద్యమానికి ఆధారం లేకుండాపోయింది. ఆ సంవత్సరమే ఒక కాల్పుల సంఘటనపై తప్పుడు వార్త ప్రచురించిందని న్యాయస్థానం పత్రికకు భారీ జరిమానా విధించింది. పిక్తాల్ రాజీనామా చేశాడు. దాదాపు 50 ఏళ్ళ వయసులో, చేతిలో ఉద్యోగం లేక, నమ్మిన రాజకీయం కూలిపోయి నిలబడిన పిక్తాల్‌కు హైదరాబాదు నుండి పిలుపు వచ్చింది.

'''హైదరాబాదులో'''

అప్పటి హైదరాబాదు పాలకుడు ఏడవ నిజాము మీర్ ఉస్మాన్ అలీ ఖాన్ (పాలన 1911-1948). 1918లో ఉర్దూ మాధ్యమంతో ఉస్మానియా విశ్వవిద్యాలయం ఏర్పడింది. అరుదైన అరబీ గ్రంథాలను పరిష్కరించి ముద్రించే దాయిరతుల్ మఆరిఫ్ సంస్థ అప్పటికే ప్రాచ్య పండిత లోకంలో సుపరిచితం. సర్ అక్బర్ హైదరీ, విద్యాశాఖ సంచాలకుడు రాస్ మసూద్ వంటివారు వివిధ ప్రాంతాల విద్వాంసులను రాజధానికి రప్పిస్తున్నారు. 1925లో పిక్తాల్ మూసీ నది ఒడ్డునున్న చాదర్‌ఘాట్ ఉన్నత పాఠశాలకు ప్రధానోపాధ్యాయుడుగా నియమితుడయ్యాడు.

లండన్‌లో నవలలు వ్రాసి, బొంబాయిలో ప్రభుత్వాన్ని ఎదిరించిన వ్యక్తికి హాజరుపట్టీలు, పరీక్షలు, పిల్లల తగవులు తీర్చే పని అల్పంగా తోచవచ్చును. పిక్తాల్ మాత్రం ఆ పనిని ఇష్టంగానే చేశాడు. బ్రిటిష్ ఇండియా రాజకీయాలు నిజాము రాజ్యంలో మాట్లాడే వీలు లేదు. ఆ మౌనమే ఇతనికి గ్రంథరచనకు తీరిక ఇచ్చింది.

1927 జనవరిలో 'ఇస్లామిక్ కల్చర్' అన్న ఇంగ్లీషు త్రైమాసిక పత్రిక హైదరాబాదు నుండి ఆరంభమైంది. పిక్తాల్ దాని తొలి సంపాదకుడు. భారతీయ పండితులతో పాటు ఐరోపా ప్రాచ్యవేత్తల రచనలకూ ఇందులో చోటు లభించింది. జర్మన్ పండితుడు యోసెఫ్ హొరోవిట్స్ ప్రవక్త జీవితచరిత్రకారులపై వ్రాసిన ప్రసిద్ధ వ్యాసాలను పిక్తాల్ స్వయంగా జర్మన్ నుండి అనువదించి ఇందులో ప్రచురించాడు. అదే సంవత్సరం మద్రాసులో ఇస్లామీయ సంస్కృతిపై ఉపన్యాసాలు ఇచ్చాడు. ఆ మద్రాసు ఉపన్యాస పరంపరలో ఇతనికి ముందు 1925లో సయ్యద్ సులైమాన్ నద్వీ, తరువాత 1929లో కవి ఇక్బాల్ ప్రసంగించారు.

'''అంతకు ముందరి అనువాదాలు'''

ఐరోపా భాషలలో ఖురాన్ అనువాదాల చరిత్ర 12వ శతాబ్దంలో మొదలవుతుంది. 1143లో కెట్టన్‌కు చెందిన రాబర్ట్ దీనిని లాటిన్‌లోకి అనువదించాడు. ఖండించడం కోసం తెలుసుకోవాలన్నది ఆ ప్రయత్నం వెనుక ఉద్దేశం. ఇంగ్లీషులో మొదటి అనువాదం 1649లో అలెగ్జాండర్ రాస్ పేరిట వచ్చింది. అది అరబీ నుండి చేసినది కాదు, రెండేళ్ళ ముందు వచ్చిన ఫ్రెంచి అనువాదానికి అనువాదం. 1734లో జార్జ్ సేల్ చేసినది చాలాకాలం ప్రామాణికంగా చెలామణి అయింది. 1861లో రాడ్‌వెల్ సూరాల (అధ్యాయాల) వరుస మార్చి, అవి అవతరించిన కాలక్రమమని తాను భావించిన క్రమంలో పేర్చాడు. 1880లో పామర్ అనువాదం మాక్స్ ముల్లర్ ప్రాచ్య పవిత్ర గ్రంథమాలలో వచ్చింది. వీరందరూ ఆ గ్రంథాన్ని దైవవాక్కుగా నమ్మనివారే.

20వ శతాబ్దపు ఆరంభంలో భారతీయ ముస్లింలు ఈ పనికి పూనుకున్నారు. వాటిలో 1917లో వెలువడిన లాహోరు మౌల్వీ ముహమ్మద్ అలీ అనువాదం ముఖ్యమైనది. అయితే వీరికి ఇంగ్లీషు నేర్చుకున్న భాష. నమ్మకం, మాతృభాష రెండూ ఉన్న అనువాదకుని స్థానం ఖాళీగానే ఉండింది.

'''అనువాద రచన'''

1928లో నిజాము ప్రభుత్వం పిక్తాల్‌కు పూర్తి జీతంతో రెండేళ్ళ ప్రత్యేక సెలవు మంజూరు చేసింది. ఆ సెలవులో అనువాదం పూర్తి చేయాలన్నది ఒప్పందం. వ్రాతప్రతి సిద్ధమైనాక, అరబీ పండితులచేత సరిచూపించకుండా దానిని ముద్రణకు ఇవ్వడానికి పిక్తాల్ ఒప్పుకోలేదు. 1929 చివరలో కైరో బయలుదేరాడు.

కైరో ప్రయాణం తేలికగా సాగలేదు. ఇస్లామీయ విద్యకు వెయ్యేళ్ళ కేంద్రమైన అల్ అజహర్‌లో పెద్దలు పలువురు ఖురాన్ అనువాదం అన్న మాటనే నిషిద్ధంగా భావించేవారు. ఖురాన్ అరబీలో అవతరించింది, అరబీ నుండి విడదీసినది ఖురాన్ కాజాలదు అన్నది వారి వాదం. ముహమ్మద్ అలీ అనువాదాన్ని అంతకు కొన్నేళ్ళ ముందే ఈజిప్టులో నిషేధించారు. దీనికి తోడు తుర్కియేలో ముస్తఫా కెమాల్ ప్రభుత్వం మతవిషయాలలో అరబీని తొలగించి తురుష్క భాషను ప్రవేశపెట్టే దిశగా సాగుతున్నది. అనువాదాలకు అనుమతిస్తే అసలు గ్రంథమే మరుగునపడుతుందేమోనన్న భయం పండితులలో ఉంది. ఈ భయాన్ని అజ్ఞానమని కొట్టివేయడం సరికాదు. అనువాదం మూలం స్థానాన్ని ఆక్రమించిన ఉదాహరణలు మతాల చరిత్రలో ఉన్నాయి.

పిక్తాల్ వచ్చిన సంగతి పత్రికలకెక్కింది. ఒక విశ్రాంత పండితుడు 'అల్ అహ్రామ్' పత్రికలో వ్యాసం వ్రాసి, అనువాదకునితో పాటు అతనికి తోడ్పడేవారిని కూడా తీవ్రంగా నిందించాడు. ఖురాన్‌కు బదులు ఒక ప్రాచీన వ్యాఖ్యాన గ్రంథాన్ని అనువదించుకొమ్మని సలహా కూడా ఇచ్చాడు. తన విశ్వాసానికి తాను ఎంచుకున్న మతపు పండితులే అడ్డుచెప్పడం పిక్తాల్‌కు బాధ కలిగించింది. అయినా వెనుదిరగలేదు. అరబ్బులు కాని ముస్లింలు కోట్ల సంఖ్యలో ఉన్నారని, వారు అర్థం తెలియకుండానే పారాయణం చేస్తున్నారని, ఇంగ్లీషులో ఇప్పటికే ఉన్నవి అన్యమతస్థుల అనువాదాలని, అనువాదం ఉండాలా వద్దా అన్న ప్రశ్నకు కాలం దాటిపోయిందని, ఎటువంటి అనువాదం ఉండాలన్నదే మిగిలిన ప్రశ్న అని కలిసినవారికల్లా వివరించాడు. భారతదేశం వంటి దేశంలో పరిస్థితి ఎట్లా ఉన్నదో ఈజిప్టు పండితులలో కొందరికి అంతవరకు తెలియదు.

ఇతనికి అండగా నిలిచినవారిలో ఇద్దరు ముఖ్యులు. ఒకరు అల్ అజహర్ మాజీ అధిపతి షేక్ ముస్తఫా అల్ మరాఘీ. ఈయన సంస్కరణాభిలాషి, 1929లో ఆ పదవి నుండి తప్పుకున్నాడు, తిరిగి 1935లో అదే పదవికి వచ్చాడు. రెండవవాడు ముహమ్మద్ అహ్మద్ అల్ ఘమ్రావీ. లండన్ విశ్వవిద్యాలయ పట్టభద్రుడైన ఈయన కైరో వైద్య కళాశాలలో రసాయనశాస్త్రం బోధించేవాడు. ఇంగ్లీషు, అరబీ రెండూ బాగా తెలిసిన ఘమ్రావీతో కూర్చుని పిక్తాల్ తన ప్రతినంతటినీ మూలంతో సరిపోల్చి సవరించాడు. మత పీఠం అనుమతి కోసం పోయిన పుస్తకాన్ని చివరకు ఒక రసాయనశాస్త్ర అధ్యాపకుడు దిద్దడం ఈ కథలోని విశేషం.

పేరు విషయంలో ఒక మధ్యేమార్గం కుదిరింది. పుస్తకాన్ని ఖురాన్ అని పిలవకుండా, ఖురాన్ యొక్క భావం అని పిలిస్తే అభ్యంతరం తగ్గుతుందన్నది మరాఘీ వంటివారి అభిప్రాయం. ఆ ప్రకారమే గ్రంథానికి 'ది మీనింగ్ ఆఫ్ ది గ్లోరియస్ కొరాన్' అన్న పేరు ఖాయమైంది. ఇది లౌక్యం కోసం పెట్టిన పేరని అనుకోరాదు. ఖురాన్‌ను అనువదించడం అసాధ్యమని, అరబీ మూలంలోని నాదం మరొక భాషలోకి రాదని, తన పుస్తకం ఆ గ్రంథానికి ప్రత్యామ్నాయం కాదని పిక్తాల్ ముందుమాటలో స్వయంగా ఒప్పుకున్నాడు. తనను వ్యతిరేకించిన పండితుల మూలసూత్రాన్ని ఇతడూ నమ్మాడు. తేడా అల్లా, అసాధ్యమని తెలిసిన పనిని చేయవచ్చునా అన్న దగ్గరే.

గ్రంథం 1930 డిసెంబరులో నాఫ్ సంస్థ ద్వారా న్యూయార్కు, లండన్‌లలో వెలువడింది. కైరో అనుభవాలను, అక్కడి వాదోపవాదాలను పిక్తాల్ 1931లో 'ఇస్లామిక్ కల్చర్'లో ఒక వ్యాసంగా వ్రాశాడు.

'''అనువాద విధానం'''

సుల్తాన్ మహమూద్ ఆజ్ఞపై హిజ్రీ 1246లో వ్రాయబడిన ఒక ఖురాన్ ప్రతి యొక్క శిలాముద్రణను పిక్తాల్ ఆధారంగా తీసుకున్నాడు. రాడ్‌వెల్ వలె వరుస మార్చక 114 సూరాలను సంప్రదాయ క్రమంలోనే ఉంచాడు. ప్రతి సూరాకు ముందు దాని పేరు, అవతరించిన సందర్భం తెలుపుతూ ఒక చిన్న పరిచయం వ్రాశాడు. గ్రంథాదిలో ప్రవక్త జీవితాన్ని సంగ్రహంగా చెప్పాడు. అధస్సూచికలు బహు కొద్ది.

వాక్యాన్ని వీలైనంతవరకు అక్షరానుసారంగా తెచ్చి, దానికి తగిన గాంభీర్యం గల భాషను వాడడం ఇతని పద్ధతి. అందుకు 1611 నాటి ఇంగ్లీషు బైబిలు శైలిని ఎన్నుకున్నాడు. మతాచార్యుని కుమారునికి ఆ శైలి ఉగ్గుపాలతో అబ్బినదే. ఆనాటి ఆంగ్ల పాఠకుని చెవికి పవిత్ర గ్రంథం అనగానే వినిపించే గొంతు కూడా అదే.

అల్లాహ్ అన్న పదాన్ని పిక్తాల్ అనువదించకుండా అట్లే ఉంచాడు. ఇంగ్లీషులో దేవుడు అన్న పదానికి స్త్రీలింగం, బహువచనం ఉన్నాయి, అరబీలో అల్లాహ్ అన్న పదానికి అవి లేవు అన్నది ఇతడు చూపిన కారణం. మూలంలో ఇలాహ్ అన్న సామాన్య పదం వచ్చినచోట మాత్రమే ఇంగ్లీషు పదం వాడాడు. తెలుగు పాఠకునికి ఈ చిక్కు సులభంగా అర్థమవుతుంది. దేవుడు అనగానే దేవుళ్ళు, దేవత, దేవతలు అన్న రూపాలు తెలుగులోనూ వెంటవస్తాయి.

అక్షరానుసరణ వలన నష్టాలూ ఉన్నాయి. ఉదాహరణకు 17వ సూరాలో పిసినారితనాన్ని మెడకు కట్టివేసిన చేయిగా, దుబారాను పూర్తిగా చాచిన చేయిగా చెప్పే అరబీ పలుకుబడి ఉంది. అటువంటివి మాటకు మాట పెడితే కొత్త పాఠకుడు తికమకపడతాడు. ఉదారుని చేతికి ఎముక లేదంటాము. దానిని మరొక భాషలోకి అట్లే దింపితే వినేవాడు రోగమనుకుంటాడు. అల్ అజహర్ వర్గాల నుండి ఇతని అనువాదంపై వచ్చిన విమర్శ కూడా ఈ దిక్కునుండే వచ్చింది. పాతకాలపు సర్వనామాలు, క్రియారూపాలు నేటి విద్యార్థులకు అడ్డుగా నిలుస్తాయన్న ఫిర్యాదు కూడా ఉంది. వివరణలు తక్కువ కావడం వలన సందర్భం తెలియనివారికి కొన్ని భాగాలు ముడిపడినట్లే ఉంటాయి. ఇన్ని ఉన్నా, మూలంలో లేనిది చేర్చకుండా, ఉన్నది వదలకుండా ఉండే నిగ్రహం వలన ఇది దశాబ్దాల తరబడి నమ్మదగిన అనువాదంగా నిలిచింది.

రచయిత మరణానంతరం 1938లో హైదరాబాదు ప్రభుత్వ కేంద్ర ముద్రణాలయం అరబీ మూలంతో సహా రెండు సంపుటాలుగా దీనిని ప్రచురించింది. 1953లో అమెరికాలో చవక ప్రతిగా వచ్చి సామాన్య పాఠకులకు చేరింది. భారతదేశపు చట్టం ప్రకారం దీని రచయిత హక్కులు 1986తో ముగిశాయి.

'''చివరి రోజులు'''

1935లో పిక్తాల్ నిజాము కొలువు నుండి విరమించి భార్యతో ఇంగ్లాండు తిరిగివెళ్ళాడు. 1936 మే 19న కార్న్‌వాల్ తీరంలోని సెయింట్ ఐవ్స్‌లో గుండెజబ్బుతో మరణించాడు. చివరి దినాలలో తన మద్రాసు ఉపన్యాసాలను సవరిస్తున్నాడు. బల్లపై మిగిలిన కాగితాలలో, దేవునికి తన్ను తాను సమర్పించుకొని మేలు చేసినవానికి భయము, దుఃఖము ఉండవన్న భావం గల ఖురాన్ వాక్యం చివరిదిగా కనిపించినదని చెబుతారు. సర్రే ప్రాంతంలోని బ్రూక్‌వుడ్ శ్మశానంలో ముస్లింలకు కేటాయించిన భాగంలో ఇతనిని ఖననం చేశారు.

ఆన్ ఫ్రీమాంటిల్ 1938లో, పీటర్ క్లార్క్ 1986లో ఇతని జీవితచరిత్రలు వ్రాశారు.

'''హైదరాబాదు, ఇతర అనువాదకులు'''

ఖురాన్‌ను ఐరోపా భాషలలోకి తెచ్చినవారిలో ఇంకా ముగ్గురు ప్రముఖులకు హైదరాబాదుతో సంబంధం ఉంది. 1934-37 మధ్య లాహోరులో భాగాలుగా వెలువడిన మరొక ప్రసిద్ధ ఆంగ్లానువాదం చేసిన అబ్దుల్లా యూసుఫ్ అలీ, పిక్తాల్ కంటె ముందే 1921-22లో నిజాము ప్రభుత్వంలో రెవెన్యూ మంత్రిగా పనిచేశాడు. 1953లో లండన్‌లో మరణించిన ఇతని సమాధి కూడా బ్రూక్‌వుడ్‌లోనే ఉంది. పిక్తాల్ తరువాత 'ఇస్లామిక్ కల్చర్' సంపాదకత్వం చేపట్టిన ముహమ్మద్ అసద్ (1900-1992) ఆస్ట్రియా సామ్రాజ్యంలో యూదు కుటుంబంలో పుట్టి ఇస్లాం స్వీకరించినవాడు. ఇతని ఆంగ్లానువాదం 1980లో వచ్చింది. హైదరాబాదులోనే పుట్టి ఉస్మానియాలో చదివిన డాక్టర్ ముహమ్మద్ హమీదుల్లా (1908-2002) 1948 తరువాత పారిస్‌లో స్థిరపడి, 1959లో ఖురాన్‌ను ఫ్రెంచిలోకి అనువదించాడు.

పిక్తాల్ కైరోలో వివరించిన సమస్య తెలుగునాట పల్లెపల్లెలోనూ ఉండేది. 1800లో నిజాము ఈస్టిండియా కంపెనీకి వదిలిన దత్తమండలాలలోని కంభం, మార్కాపురం, గిద్దలూరు ప్రాంతాలనే తీసుకుంటే, అక్కడి ముస్లింలలో కొందరి ఇంటిభాష దక్కనీ ఉర్దూ, దూదేకులవారి వంటి మరికొందరిది తెలుగే. 1970లో ప్రకాశం జిల్లా ఏర్పడేవరకు ఈ తాలూకాలు కర్నూలు జిల్లాలో ఉండేవి. మసీదులో పిల్లలు అరబీ అక్షరాలు దిద్ది ఖురాన్ చదవడం నేర్చుకునేవారు. అర్థం కావాలంటే మౌల్వీ ఉర్దూలో చెప్పాలి, ఉర్దూ రాని ఇంట అదీ లేదు. హైదరాబాదులో ఇంగ్లీషు అనువాదం సాగుతున్న దశాబ్దంలోనే ఈ లోటును తీర్చే ప్రయత్నం దత్తమండలాల నుండే జరిగింది. అనంతపురం కళాశాలలో ఆచార్యుడు, 'ఆంధ్ర భాషా చరిత్రము' కర్త చిలుకూరి నారాయణరావు ఖురాన్‌ను తెలుగులోకి అనువదించాడు. ఇతడు ముస్లిం కాడు, భాషాశాస్త్రవేత్త. తరువాతి కాలంలో తెలుగు ముస్లిం పండితులు చేసిన అనువాదాలు పలు వచ్చాయి, వాటిలోనూ ఖురాన్ అన్న మాటకు ముందో వెనుకో భావం, భావానువాదం అన్న పదం సాధారణంగా కనిపిస్తుంది.